పదకొండు హారన్లు

మహిళా కారాగారం, లాండ్రీ విభాగం
ఓక్లహోమా
మార్చి 11, 1996

ట్వైలా ప్రూయిట్ అనే అమ్మాయికి,

నేనెవరో నీకు తెలియదు. నా పేరు ఓపల్ స్టబుల్‌ఫీల్డ్. మీ అక్క లవోన్ పై మంచం మీద పడుకుంటుంది, నేను కింది మంచం మీద. ఆరేళ్ళుగా ఆమె గురక వింటున్నాను కాబట్టి బంధువునే అనుకో.

ఈ ఉత్తరం సంగతి మీ అక్కకి చెప్పకు. నేను విత్తనాల కంపెనీకి రాస్తున్నానని అనుకుంటోంది. అలాగే అనుకోనీ.

మీ అక్కని ఆగస్టు 9, శుక్రవారం పొద్దున తొమ్మిదింటికి వదులుతారు. కాగితం వచ్చింది. వచ్చినప్పటి నుంచీ ఆమె నోట ఒకటే మాట. "నా చెల్లెలు వస్తుంది. నా ట్రక్కులోనే వస్తుంది." వంటగదిలో చెప్పింది, ప్రార్థనలో చెప్పింది, పళ్ళ డాక్టరు నోట్లో దూది పెట్టినా చెప్పింది.

ఇక్కడ ఒక ఆచారం ఉంది. అది నీకు ఎవరూ చెప్పి ఉండరు. బయటికి వెళ్ళేవాళ్ళు వెనక్కి తిరిగి చూడకూడదు, చెయ్యి ఊపకూడదు. బదులుగా తీసుకెళ్ళడానికి వచ్చినవాళ్ళు గేటు దాటగానే హారన్ కొట్టాలి. లోపల ఎన్నేళ్ళు ఉంటే అన్నిసార్లు. లాండ్రీ కిటికీలోంచి రోడ్డు కనిపిస్తుంది. మేమంతా అక్కడ చేరి లెక్కపెడతాం. కోరీన్ అనే పిల్ల గోడమీద చాక్‌పీసుతో గీతలు గీస్తుంది. మీ అక్కకి పదకొండు.

ఎవరూ రానివాళ్ళని జైలు వ్యానులో తీసుకెళ్ళి బస్‌స్టేషన్లో దింపుతారు. వ్యాను హారన్ కొట్టదు. ఆ పూట లాండ్రీలో ఎవరమూ పెద్దగా మాట్లాడుకోం.

మరి నీకెన్ని పెద్దమ్మా అని లాండ్రీలో చిన్నపిల్లలు, అంటే కొత్త ఖైదీలు, నన్ను అడుగుతుంటారు. నాది జీవితఖైదు, ఇప్పటికి ఇరవై మూడేళ్ళు. "దానికి లెక్కేముందే, హారన్ మీద చెయ్యి వేసి తియ్యకుండా ఉండటమే" అంటాను. నవ్వుతారు.

నువ్వు బాగా సిగ్గరివని విన్నాను. లైబ్రరీలో పనిచేస్తావనీ, పుస్తకం కూడా చప్పుడు కాకుండా మూస్తావనీ మీ అక్క చెప్పింది. అందుకే ముందుగా చెబుతున్నాను. ఇప్పటి నుంచే గుండె దిటవు చేసుకో. పదకొండు. గట్టిగా.

ఓపల్

---

హార్పర్ స్ప్రింగ్స్
మార్చి 18, 1996

గౌరవనీయులైన స్టబుల్‌ఫీల్డ్ గారికి,

మీ ఉత్తరం అందింది. మూడుసార్లు చదివాను. తర్వాత దానిని విశ్వకోశం ఎనిమిదో సంపుటంలో దాచాను. దానిని ఎవరూ తీయరు.

మీకు ఒక నిజం చెప్పాలి. అక్కకి ఇంతవరకు చెప్పలేదు. నాకు ట్రక్కు నడపడం రాదు. ఏ బండీ రాదు.

అక్క భర్త డేల్ మందుల షాపులోకి తుపాకీతో వెళ్ళిన రోజు బయట ట్రక్కులో కూర్చున్నది అక్క. ఇంజను ఆపవద్దని అతను అన్నాడు, ఆమె ఆపలేదు. అది మీకు తెలిసే ఉంటుంది. ఆ తర్వాత మా అమ్మ ట్రక్కుని కొట్టంలో పెట్టి తాళం వేసింది. నాకప్పుడు పద్దెనిమిదేళ్ళు. "ఈ ఇంట్లో ఇక స్టీరింగు పట్టుకునేవాళ్ళు ఉండరు" అంది. అమ్మ పోయి నాలుగేళ్ళయింది. తాళంచెవి నా దగ్గరే ఉంది. నేను తీయలేదు.

మొదటిసారి నేను అక్కని చూడటానికి వచ్చినప్పుడు, "ట్రక్కు ఎలా ఉంది?" అని అడిగింది. "బాగుంది" అన్నాను. "నువ్వే నడుపుకుంటూ వచ్చావా?" అంది. ఆమె ముఖం అంత వెలిగిపోయేసరికి అవునన్నాను. నిజానికి ప్రతి నెలా నేను చదివిన బడిలోని నన్ సిస్టర్ బెర్నడెట్ వ్యానులో వచ్చేదాన్ని. సిస్టర్‌ని జనవరిలో కాన్సస్‌కి బదిలీ చేశారు. వ్యాను కూడా ఆమెతోపాటే వెళ్ళింది.

ఏం చేయాలో తెలియడం లేదు. మీరు అక్కకి చెప్పండి. ఆమెకి కోపం వస్తే ఆగస్టు లోపల తగ్గుతుంది.

ఇట్లు,
ట్వైలా ప్రూయిట్

---

కారాగారం, లాండ్రీ
మార్చి 25

అమ్మాయీ,

ఆ గౌరవనీయులు ఎవరో ఇక్కడ దొరకలేదు. ఇక్కడ అందరికీ నేను పెద్దమ్మనే. నువ్వూ అలాగే పిలువు.

మీ అక్కకి నేను చెప్పను, నువ్వూ చెప్పకు. ఆగస్టుకి నాలుగు నెలలు పైనే ఉంది. నేను పద్నాలుగేళ్ళు స్కూలు బస్సు నడిపాను. వెనక అరవైమంది పిల్లలు, ముందు మంచు. నీ ఒక్కదానికి నేర్పలేనా? స్టీరింగు వదిలి ఇరవై మూడేళ్ళయింది. అయినా మరిచిపోలేదు, పగలంతా నా కాలు పెడలు మీదే ఉంటుంది.

మా ఇస్త్రీ మిషనుకి కింద పెడలు ఉంటుంది. తొక్కితే పైరేకు దిగి చొక్కాని నొక్కుతుంది. ఒక్కసారిగా వదిలామా, రేకు ఎగిరి ఆవిరి ముఖానికి కొడుతుంది, గడ్డం కాలుతుంది. కొత్తగా వచ్చిన పిల్లలందరి గడ్డాలమీదా మచ్చలుంటాయి. మీ అక్కకి రెండున్నాయి, చూడు. నాకు ఒక్కటీ లేదు. క్లచ్ కూడా అంతే. ఎడమకాలితో నేలదాకా తొక్కు. గేరు మార్చు. మెల్లగా వదులు. పనిలోకి కొత్త పిల్ల రాగానే నేను వెనక నిలబడి పాడే పాట ఇది:

తొక్కు, మార్చు, మెల్లగా వదులు, గడ్డం జాగ్రత్త.

బండి ఎక్కకముందు కుర్చీలో కూర్చుని వందసార్లు చెయ్యి. తర్వాత కొట్టం తాళం తియ్యి. ఆ ట్రక్కుకి బ్యాటరీ చచ్చి ఉంటుంది, టైర్లు చచ్చి ఉంటాయి. ఊళ్ళో మెకానిక్ ఉన్నాడా? ఉంటే పిలిపించు. హారన్ పనిచేస్తుందో లేదో ముందుగా అది చూడమను. బ్రేకు తర్వాత.

పెద్దమ్మ

---

హార్పర్ స్ప్రింగ్స్
ఏప్రిల్ 22

పెద్దమ్మకి,

కుర్చీలో వందసార్లు చేశాను. లైబ్రరీ కౌంటరు వెనక చేశాను. ఒక పెద్దాయన కాలు తిమ్మిరెక్కిందా అని అడిగారు.

మెకానిక్ హాస్కిన్స్ వచ్చి ట్రక్కుని లేపాడు. ముందు బ్రేకు చూస్తానన్నాడు. హారన్ ముందు చూడమన్నారని చెప్పాను. "ఎవరన్నారు?" అని అడిగాడు. హారన్ పూర్తిగా చెడిపోయిందట. కొత్తది బిగించాడు కాని, స్టీరింగులోంచి వచ్చే తీగ కుళ్ళిపోయిందని కాలింగ్‌బెల్ బొత్తాం లాంటిది ఒకటి రేడియో పక్కన పెట్టాడు. సరిగ్గా మధ్యలో. రెండు చేతులూ స్టీరింగు మీద ఉంటే నాకు అందదు. బండి ఆగి ఉన్నప్పుడే కొట్టగలను.

నిన్న మధ్యాహ్నం మా వెనక పొలాల మధ్య మట్టిదారిలో మొదటిసారి నడిపాను. మొదటి గేరులో, పాట పాడుకుంటూ. మూడుసార్లు ఆగిపోయింది. నాలుగోసారి కదిలింది. నాకు ఏడుపొచ్చింది, అంటే మంచి ఏడుపు.

ఎవరూ లేరు కదా అని హారన్ కూడా సాధన చేశాను. పదకొండు పూర్తయ్యేసరికి నేల అదిరింది. తలెత్తి చూస్తే విల్బర్ గారి ఆవులు, నలభై దాకా ఉంటాయి, కంచె దగ్గరికి పరుగెత్తుకొచ్చాయి. కంచె ఒకచోట వంగి ఉంది. అన్నీ దాటి వచ్చి ట్రక్కు చుట్టూ నిలబడ్డాయి. దాణా తెచ్చే ట్రక్కు హారన్ కొడితే రావడం వాటి అలవాటు. ఓక్లహోమాలో పుట్టి పెరిగి ఇంత తెలియదా అంటారేమో. నేను ఇంట్లో పుస్తకాలు చదువుకుంటూ పెరిగాను.

గంటన్నర లోపలే కూర్చున్నాను. ఒక ఆవు అద్దాన్ని నాకింది. చివరికి విల్బర్ గారు వచ్చారు.

"ఏం తల్లీ, నా ఆవులకి భోజనం పెడతానని పిలిచి ఖాళీ చేతులతో వచ్చావా?" అన్నారు.

"క్షమించండి. హారన్ సాధన చేస్తున్నాను."

"హారన్‌కి సాధనేమిటి? నొక్కితే మోగుతుంది."

"పదకొండు కొట్టాలండి."

ఆయన, "లవోన్ వస్తోందా?" అన్నారు. అవునన్నాను. టోపీ సర్దుకుని ఆవుల్ని తోలుకుపోయారు. ఈ రోజు పొద్దున మా గుమ్మంలో బుట్టెడు కోడిగుడ్లు ఉన్నాయి.

ట్వైలా

---

కారాగారం
మే 13

డ్రైవరమ్మా,

నీ ఆవుల ఉత్తరం లాండ్రీలో పైకి చదివాను, మీ అక్క స్నానానికి వెళ్ళినప్పుడు. కోరీన్ నవ్వలేక నేలమీద కూర్చుంది.

నా జవాబు ఆలస్యమైంది. ఎందుకంటే ఏప్రిల్ 29న రాసినది నీకు చేరలేదు. ఉత్తరాలు చదివే మిస్టర్ గ్రైమ్స్ దాన్ని పట్టుకుని జైలు లెఫ్టినెంటుకి ఇచ్చాడు. నన్ను పిలిపించారు. బల్లమీద నా ఉత్తరం, ఎర్ర పెన్సిలు గీతలతో.

"స్టబుల్‌ఫీల్డ్, 'ఇంజను ఆపకుండా గేటు దగ్గర సిద్ధంగా ఉండు' అంటే ఏమిటి?" అంది లెఫ్టినెంటు.

"ఇంజను ఆపకుండా గేటు దగ్గర సిద్ధంగా ఉండమని అమ్మా."

"'ఆమె ఎక్కగానే రెండో గేరు, వెనక్కి చూడకు'?"

"నిజమే, వినడానికి అంత బాగా లేదు."

"'మలుపు దాటేదాకా వేగం తగ్గించకు'?"

అప్పుడు చెప్పేశాను. లవోన్ చెల్లెలికి బండి నేర్పుతున్నానని, పారిపోవడానికి కాదు, కాగితం ప్రకారం విడుదలయ్యే అక్కని తీసుకెళ్ళడానికి అని. నమ్మలేదు. బల్ల కింద నా కాళ్ళతో క్లచ్ ఎలా తొక్కాలో చూపించాను. లెఫ్టినెంటు వంగి చూసింది. "మా అబ్బాయికి నేను నేర్పలేకపోతున్నాను. ఆ మెల్లగా వదలడం ఇంకోసారి చెప్పు" అంది. ఇంకోసారి చెప్పాను. ఉత్తరాలకి ఇక అడ్డులేదు.

మిస్టర్ గ్రైమ్స్, మీరు ఇది చదువుతున్నారని తెలుసు. శుభోదయం. క్లచ్ అంటే క్లచ్చే.

పరీక్ష ఎప్పుడు?

పెద్దమ్మ

---

హార్పర్ స్ప్రింగ్స్
జూన్ 17

పెద్దమ్మకి,

పరీక్ష తప్పాను.

నాలుగు దారులు కలిసేచోట ఆగాను. నియమం ప్రకారం ముందు వచ్చినవాళ్ళు ముందు వెళ్ళాలి. అవతల ఒకాయన ఆగి ఉన్నారు. ఆయనని వెళ్ళమని చేయి చూపించాను. ఆయన నన్ను వెళ్ళమన్నారు. మళ్ళీ నేను ఆయనని వెళ్ళమన్నాను. పరీక్ష తీసుకునే అధికారి గడియారం చూసుకున్నాడు. నాలుగు నిమిషాలట. "అమ్మా, మర్యాదకి మార్కులు లేవు" అన్నాడు.

ఇంకొకటి కూడా ఉంది. ఎడమవైపు తిరగడం నాకు రావడం లేదు. కుడివైపు నడుపుతూ ఎదురుగా వచ్చే బండ్లకి అడ్డంగా వెళ్ళాలి కదా. కళ్ళు మూసుకుంటున్నాను.

ఆదివారం అక్కని చూడటానికి మా చర్చివాళ్ళ బండిలో వచ్చాను. అక్క అడిగింది, "గేర్లు ఇంకా గట్టిగానే ఉన్నాయా? నేను ఉన్నప్పుడు మూడోది మొరాయించేది." "ఇంకా మొరాయిస్తోంది" అన్నాను. పదకొండేళ్ళలో ట్రక్కు గురించి నేను చెప్పిన మొదటి నిజం అది. చాలా సంతోషమనిపించింది.

ఆ రోజు అక్క ఇంకో మాట అంది. "నువ్వు రాకపోతే ఫరవాలేదే ట్వైలా. వ్యాను ఉంటుందట. వ్యాను బాగానే ఉంటుందట." అలా అంటూ తన చేతుల్ని చూసుకుంది. ఆమెకి ఏమైనా అనుమానం వచ్చిందా? మీకేమైనా తెలుసా?

ట్వైలా

---

కారాగారం
జూన్ 24

ట్వైలా,

తెలుసు. రాత్రి పై మంచం మీదనుంచి అడిగింది. "పెద్దమ్మా, వ్యానులో కిటికీలు ఉంటాయా?" ఉండవని నాకు తెలుసు. ఉంటాయని చెప్పాను.

అనుమానం నీమీద కాదు. పదకొండేళ్ళు ఒకదాని కోసం ఎదురుచూస్తే, అది రాదేమో అన్న భయం చివరి నెలలోనే వస్తుంది. ఇక్కడ అందరికీ అంతే. కాబట్టి నువ్వు రావాలి. లైసెన్సు లేకుండా నడిపితే నిన్ను గేటు దగ్గరే పట్టుకుని నా పక్క మంచం ఇస్తారు. లైసెన్సు తెచ్చుకునే రా.

నాలుగుదారుల దగ్గర ఎవరు ముందు వచ్చారో చూడు. నువ్వైతే వెళ్ళిపో. చెయ్యి ఊపకు, నవ్వకు, క్షమాపణ చెప్పకు. వెళ్ళిపోవడం కూడా మర్యాదే, వెనకవాళ్ళకి.

ఎడమ మలుపు పరీక్షలో ఒకటే ఉంటుంది. కళ్ళు తెరిచి ఒకటి చెయ్యి. ఆ తర్వాత జన్మలో చెయ్యక్కర్లేదు. లైబ్రరీలో పటాలున్నాయి కదా. అన్నీ కుడి మలుపులే ఉండే దారి గీసుకో. ఎన్ని మైళ్ళు ఎక్కువైతే ఏం, నిన్నెవరు తరుముతున్నారు?

పెద్దమ్మ

---

హార్పర్ స్ప్రింగ్స్
ఆగస్టు 1

పెద్దమ్మకి,

మంగళవారం ప్యాసయ్యాను. ఎడమవైపు ఒకసారి తిరిగాను, కళ్ళు తెరిచి. నాలుగుదారుల దగ్గర అవతల ఎవరూ లేరు. అయినా నవ్వలేదు.

కుడి మలుపుల దారి దొరికింది. మామూలుగా నూట నలభై మైళ్ళు. నాది నూట డెబ్బై ఒకటి. తెల్లవారకముందే బయలుదేరతాను.

హాస్కిన్స్ ఈ రోజు ట్రక్కుని కడిగాడు. అది ఎరుపని నేను మరిచిపోయాను.

ట్వైలా

---

కారాగారం
ఆగస్టు 5

డ్రైవరమ్మా,

గేటు బయట అర్ధచంద్రంలా దారి ఉంటుంది. లోపలికి వెళ్ళినదారిన కాదు, ముందుకే బయటికి వస్తావు. కాబట్టి రివర్సు రాకపోయినా ఏమీ కాదు. అక్కడినుంచి ఎవరూ రివర్సులో వెళ్ళరు.

ధాన్యం గోదాము దగ్గర మలుపు వస్తుంది. అంతవరకే మాకు కనబడేది.

పదకొండు.

పెద్దమ్మ

---

హార్పర్ స్ప్రింగ్స్
ఆగస్టు 11, ఆదివారం

పెద్దమ్మకి,

అంతా వరసగా రాస్తాను. మీకు కనబడింది మలుపు వరకే కదా.

ఎనిమిదిన్నరకే వచ్చాను. తొమ్మిదీ పదికి తలుపు తెరుచుకుంది. అక్క కాగితం సంచి పట్టుకుని వచ్చింది. తనని తీసుకెళ్ళిన రోజు వేసుకున్న నీలం గౌను వేసుకుంది. వదులుగా ఉంది. ట్రక్కుని చూసి ఆగిపోయింది. తర్వాత నన్ను చూసింది. తర్వాత మళ్ళీ ట్రక్కుని చూసింది.

"కడిగించావే," అంది.

నేను ఏమైనా మంచి మాట అనాలని వారం రోజులుగా ఆలోచించి ఉంచుకున్నాను. అది మరిచిపోయి, "ఎక్కు అక్కా, ఇంజను ఆపలేదు" అన్నాను. అన్నాక నాలుక కరుచుకున్నాను. ఆ మాట ఆమెతో ఎవరన్నారో గుర్తొచ్చింది. అక్క పెద్దగా నవ్వింది. "ఈసారి మంచి పనికేలే" అని ఎక్కింది.

గేటు దాటగానే ఆపి, బొత్తాం నొక్కాను. ఒక్కొక్కటీ లెక్కపెడుతూ, పెదవులు కదపకుండా. నా చెవులు కాలిపోతున్నాయి. గేటు కాపలాదారు నన్నే చూస్తున్నాడు. అయినా పదకొండూ కొట్టాను. గట్టిగా. అక్క ముందుకే చూస్తూ కూర్చుంది. వెనక్కి తిరగలేదు. ఆమె గడ్డంమీద రెండు మచ్చలూ చూశాను.

అప్పుడు రెండు చేతులూ స్టీరింగు మీద పెట్టి బయలుదేరాను. తొక్కు, మార్చు, మెల్లగా వదులు, గడ్డం జాగ్రత్త. పాట పైకే వచ్చేస్తుంది, నాకు తెలియకుండా.

"ఏమన్నావ్?" అంది అక్క.

"ఏమీ లేదు."

"గడ్డం జాగ్రత్త అన్నావు. అది మా లాండ్రీ పాట. ట్వైలా, నీకు బండి ఎవరు నేర్పారే?"

నేను రోడ్డునే చూస్తున్నాను. "విత్తనాల కంపెనీవాళ్ళు" అన్నాను.

ఆ తర్వాత జరిగిందానికి మీకు క్షమాపణ చెప్పాలి. హారన్ మళ్ళీ మొదలైంది. దానంతట అదే. ఆగలేదు. నాకు రోడ్డుమీద నుంచి చూపు తిప్పడం భయం, రెండు చేతులూ స్టీరింగు మీదే ఉన్నాయి. "అక్కా, ఏమైంది?" అని అరిచాను. "ఇరుక్కుపోయింది. నువ్వు నడుపు" అంది. కుడివైపు పొలంలో ఆవులన్నీ తలలెత్తాయి. ఇరవయ్యో, ముప్ఫయ్యో ఉంటాయి, కంచె వెంబడి మాతోపాటే పరుగు మొదలుపెట్టాయి. హారన్ మోగుతూనే ఉంది. ధాన్యం గోదాము దగ్గర మలుపు తిరిగాక దానంతట అదే ఆగింది.

అంత చక్కటి పదకొండునీ పాడుచేశాను. లెక్క తప్పిందని మీరు అనుకుని ఉంటారు. నన్ను క్షమించండి.

తర్వాత దారంతా బాగానే గడిచింది. అక్క కిటికీ అద్దం దించింది, ఎక్కించింది, దించింది. చేయి బయటపెట్టింది. నేను నడిపే తీరు చూసి ఆమె కుడికాలు నేలమీద బ్రేకు తొక్కుతూనే ఉంది.

"ఎడమకి తిరగాల్సింది, కుడికి తిరిగావేమే?"

"ఇది కూడా వెళ్తుంది."

"ఎక్కడికి, టెక్సస్‌కా?"

మూడు కుడి మలుపుల తర్వాత అర్థమై, కడుపు పట్టుకుని నవ్వింది. "పద. నాకేం తొందర. రోడ్డంతా చూస్తాను."

పదకొండున్నరకి దారిలో హోటల్లో ఆగాం. ఇంకా కూర్చున్నామో లేదో, గోడగడియారం చూసి అక్క లేచి బల్ల పక్కన నిటారుగా నిలబడింది. చేతులు రెండూ పక్కన ఆనించి. ఆ వేళకి మీకు లోపల హాజరు తీస్తారు కదా. నాకు వెంటనే తెలియలేదు. వడ్డించే నెరిసిన జుట్టావిడ కాగితం, పెన్సిలు పట్టుకుని ఎదురుగా వచ్చి నిలబడింది. ఇంకేముంది, అక్క తన ఖైదీ నంబరు చెప్పేసింది. ఆరంకెలూ.

ఆవిడ కాగితం మీద రాసుకోబోయి ఆగింది. "మా దగ్గర పద్నాలుగో నంబరు వరకే ఉన్నాయి తల్లీ. వేయించిన చికెన్ నాలుగు. చేప తొమ్మిది. మీరు చెప్పినది ఇంకా వండటం మొదలుపెట్టలేదు."

అక్క ముఖం తెల్లబోయింది. ఏడుస్తుందనుకున్నాను. బల్లమీద తల పెట్టి, భుజాలు ఎగిరేలా నవ్వింది. నేనూ నవ్వాను. ఆవిడ కూడా నవ్వింది, ఎందుకో తెలియకుండానే. తర్వాత అక్క ముఖం చూసి, ఆ కాగితం సంచీ చూసి, ఏదో తెలిసినట్టు ఆగి, "కూర్చో తల్లీ. ఇక్కడ ఎవరూ లెక్కపెట్టరు" అంది.

అక్క బెండకాయ వేపుడు రెండుసార్లు వేయించుకుంది. ఇనుప ఫోర్కు బరువు చేతిలో తూచి చూసుకుంది. పీచ్ పండు తిని గింజని రుమాల్లో చుట్టుకుంది. ఇంటికి వచ్చాక తోటలో నాటింది. "ఇప్పుడు నేనూ విత్తనాల కంపెనీయే" అంది.

సాయంత్రం ఇంటి గుమ్మం ముందు నిలబడిపోయింది. తలుపు ఎవరో తీస్తారని. నేను తాళంచెవి ఆమె చేతిలో పెట్టాను. తీసింది, మూసింది, మళ్ళీ తీసింది. ఏడుసార్లు. తర్వాత లోపలికి వచ్చింది.

నిన్న హాస్కిన్స్‌ని పిలిపించి హారన్ చూపించాను. విప్పి, బిగించి, ఇరవైసార్లు నొక్కి చూశాడు. లోపమేమీ లేదన్నాడు. ఇరుక్కునే రకమే కాదట. నాకు అర్థం కావడం లేదు. అక్కని అడిగితే, "పాత బండి కదే" అని వంటగదిలోకి వెళ్ళిపోయింది.

అక్క ఒక ఏడాదిపాటు లోపలివాళ్ళకి ఉత్తరం రాయకూడదు, ఎవరితోనూ కబురు పంపకూడదు. విడుదల షరతుల్లో అది రెండోది. ఇప్పుడు నా వెనకే నిలబడి, "పెద్దమ్మకి నేనేమీ చెప్పలేదని రాయి" అంటోంది. కాబట్టి రాస్తున్నాను. ఆమె ఏమీ చెప్పలేదు. మిస్టర్ గ్రైమ్స్ గారు దయచేసి గమనించగలరు.

మీ ట్వైలా

---

కారాగారం, లాండ్రీ
ఆగస్టు 19

డ్రైవరమ్మా,

ఆ హాస్కిన్స్‌ని ఇక ఇబ్బందిపెట్టకు. మంచి మెకానిక్. హారన్ బాగానే ఉంది. మధ్యలో ఉన్న బొత్తాం నీకు అందదని నువ్వే రాశావు. ఇంకెవరికి అందుతుందో ఆలోచించు. మీ అక్కని మాత్రం అడగకు. షరతులున్నాయి కదా, ఆమె ఏమీ చెప్పలేదు, నేనేమీ వినలేదు.

నీకు కనబడనిది నేను చెబుతాను.

కిటికీ దగ్గర పదిహేడుమంది ఉన్నారు. నేను మాత్రం మిషను దగ్గరే ఉన్నాను, సార్జెంటు చొక్కా రేకు కింద ఉంది. అక్కడినుంచి కూడా కనిపిస్తుంది. ఎర్ర ట్రక్కు గేటు దాటి ఆగింది. కోరీన్ గోడ దగ్గర చాక్‌పీసుతో సిద్ధంగా ఉంది. ఒకటి, రెండు, మూడు. నీ హారన్ అంత గొంతు మేము ఇంతవరకు వినలేదు. పదకొండు దగ్గర అందరూ గిన్నెలు వాయించారు. ట్రక్కు కదిలింది. అంతే, అయిపోయిందనుకుని పనిలోకి తిరిగారు.

అప్పుడు పన్నెండోది మొదలైంది.

"అయ్యో, లెక్క తప్పింది పాపం" అంటూ కోరీన్ పన్నెండో గీత మొదలుపెట్టింది. హారన్ ఆగితే గీత ఆపాలి కదా. అది ఆగదు. పిల్ల గీస్తూనే ఉంది. గీత కిందికి దిగి పక్కకి తిరిగింది. గోడ వెంబడి నడుస్తూ గీసింది, బట్టల బుట్టలు దాటి, సబ్బుల బీరువా దాటి. బయట ఆవులు పరుగెడుతున్నాయి, లోపల కోరీన్ నడుస్తోంది, అందరూ నోళ్ళు తెరుచుకుని ఉన్నారు. గోడ అయిపోయింది. చాక్‌పీసు కూడా అయిపోయింది. హారన్ మాత్రం ఇంకా మోగుతూనే ఉంది.

ఒక్కొక్కరే వెనక్కి తిరిగి నావైపు చూశారు.

"పెద్దమ్మా, అది నీది" అంది కోరీన్.

"పనిచూసుకోవే" అన్నాను.

ఆ గీతని కడిగేయమని ఆర్డరు వచ్చింది. లెఫ్టినెంటు స్వయంగా చూడటానికి వచ్చింది. గోడ ఈ చివరినుంచి ఆ చివరిదాకా నడిచి చూసి, "ఈ లాండ్రీలో తడిగుడ్డ దొరకడం లేదని రాసుకుంటాను" అని వెళ్ళిపోయింది. ఆమె అబ్బాయికి లైసెన్సు వచ్చిందట.

ఇంకొక సంగతి. ఆ హారన్ వింటూ నేను నిలబడిపోయాను కదా, కాలు పెడలు మీద ఉందన్న ధ్యాసే లేదు. ఒక్కసారిగా వదిలేశాను. ఇరవై మూడేళ్ళలో మొదటిసారి నా గడ్డం కాలింది. పిల్లలు వారం రోజులుగా ఏడిపిస్తున్నారు.

చిన్న మచ్చే. పొద్దున అద్దంలో కనబడినప్పుడల్లా నవ్వొస్తోంది.

మీ పెద్దమ్మ